పొరల కడలిలో తెగిన తాడు

వేలావతి రాజ్యానికి మూడు వైపులా కొండలు, నాలుగో వైపు సముద్రం. కొండల గురించి చెప్పుకోవడానికి పెద్దగా ఏమీ లేదు, అవి ఉన్నచోటే ఉంటాయి. సముద్రం మాత్రం అలాంటిది కాదు. దాని పేరు పొరల కడలి. పెళ్లింట్లో చాపల మీద చాపలు పరిచినట్టు, ఏడు లోకాల సముద్రాలను ఎవరో అక్కడ ఒకదాని మీద ఒకటి పరిచిపెట్టారు. పోటు వచ్చినప్పుడల్లా ఒక్కో లోకపు నీళ్లు పైకి వచ్చేవి. పొద్దున ఉప్పునీళ్లు వస్తే, సాయంత్రం కొబ్బరినీళ్లంత తియ్యగా రావచ్చు. ఒకసారి గోరువెచ్చటి పోటు వస్తే ఊళ్లో ముసలివాళ్లంతా మోకాళ్ల నొప్పులు పోతాయని వెళ్లి అందులో కూర్చున్నారు. ఇంకోసారి ఒక పోటు పచ్చటి వరిచేనును తెచ్చి ఒడ్డున దింపి, మర్నాడు ఆటుతో మళ్లీ వెనక్కి తీసుకుపోయింది. కోసుకుందామని కొడవళ్లు నూరుకున్నవాళ్లు ఉసూరుమన్నారు.

ఆ రేవు జనం ఈ వింతలకు ఎంతగా అలవాటు పడ్డారంటే, మనం "ఇవాళ ఏం కూర?" అని అడిగినట్టు, వాళ్లు "ఇవాళ ఏ నీళ్లు?" అని అడిగేవారు. అలాంటివాళ్లు కూడా కొయ్యబారిపోయిన రోజు ఒకటి వచ్చింది.

అది తొలివల పండుగ రోజు. ఏడాదికొకసారి, వేట మొదలయ్యేనాడు, రేవులో అందరూ కలిసి పెద్దవల వేస్తారు. ఆ వలకు రెండు తాళ్లు. ఒక తాడును ఒడ్డున వందమంది పట్టుకుని లాగుతారు. రెండో తాడును కడలితల్లి చేతికని నీళ్లలో వదిలేస్తారు. ప్రతి ఏడూ అటువైపు నుంచి ఎవరో మెల్లగా లాగినట్టు తెలిసేది. అది తల్లి చెయ్యేనని జనం దండం పెట్టుకునేవారు. నిజంగా ఆ చెయ్యి ఎవరిదని ఇన్ని తరాల్లో ఒక్కరూ అడగలేదు. అడగడం కంటే దండం పెట్టడం సులువు కదా!

నీళ్లలో వల పక్కన ఈదుతూ దానిని కనిపెట్టుకుని ఇద్దరు ఉండాలి. ఒకరు రాజు, రెండోవారు రేవుపెద్ద. అప్పటి రాజు శంఖపాలుడు, రేవుపెద్ద నీలమ్మ. నీలమ్మకు మరిడి అని ఒక్కతే కూతురు, పద్నాలుగేళ్లది. తాడు ముందు నిలబడే వరస ఆ ఏడు మొదటిసారి మరిడికి వచ్చింది. తాడు ముందు అంటే అందరికంటే సముద్రానికి దగ్గరగా, నడుం లోతు నీళ్లలో. ఆ సంబరంలో ఆ పిల్ల పొద్దున గంజి కూడా తాగలేదు.

ఆ రేవులో ఒక కట్టుబాటు ఉంది. జనం చేతుల్లో ఉన్న తాడుకు కత్తి పెట్టకూడదు. వల రాయికి తగులుకున్నా సరే, మునిగి విడిపించాలి తప్ప కోయకూడదు. కోసినవాళ్లు జన్మలో మళ్లీ తాడు పట్టకూడదు.

ఆ రోజు జనం నాలుగు బారలు లాగారో లేదో, అటువైపు నుంచి ఎవరో ఒక్క గుంజు గుంజారు. అది ఏటేటా తెలిసే మెత్తని లాగుడు కాదు. వందమందీ ఒక్కసారిగా ఇసకలో బోర్లాపడ్డారు. మరిడి పీకల్లోతు నీళ్లలోకి జారిపోయింది. ఎదురుగా అమ్మ తల, రాజుగారి తల గిర్రున తిరుగుతూ లోతుకు పోతున్నాయి.

"రాచ్చసుడు! రాచ్చసుడు లాగేత్తన్నాడు!" అని వెనక ఎవరో కేకపెట్టారు.

అమ్మ పోతోంది, అంతే, మరిడికి ఇంకేమీ తోచలేదు. నడుముకున్న చేపల కత్తి తీసింది. సరిగ్గా అప్పుడే పెద్ద అల ఒకటి వచ్చి ఆమెను కప్పేసింది. ఆ అల కింద తాడును ఒక్క కోత కోసింది. ఎవరూ చూడలేదు.

మరుక్షణం సముద్రం నడిమికి చిరిగింది. సగం సముద్రానికి పోటు, సగానికి ఆటు. రెంటి మధ్య నీళ్లు గోడలా నిలబడిపోయాయి. అంతలో నీటిగోడ కిందనుంచి రెండు తలలు తేలాయి. నీలమ్మ, రాజుగారు! బతికే ఉన్నారు! జనం ఈలలు వేశారు, డప్పులు మోగాయి.

రాజుగారు నీళ్లలోంచి లేచి నిలబడ్డారు. డప్పులు ఆగిపోయాయి. రాజుగారి ఒంటిమీద పట్టుబట్ట లేదు, చిన్న గోచీ ఒకటే ఉంది. అరికాళ్లు ఉప్పుకు పగిలి ఉన్నాయి. మొహం మాత్రం అచ్చంగా రాజుగారిదే. ఆయన బిక్కమొహం వేసి, "ఇది ఏ వూరు బాబూ? నా పేరు జగ్గులు. ఉప్పు పండిత్తాను. నా మడికాడికి దారెటు?" అని అడిగాడు.

మంత్రి అక్కడికక్కడే చతికిలబడ్డాడు.

మరిడి ఇవేవీ పట్టించుకోలేదు. "అమ్మా!" అంటూ పరుగెత్తి నీలమ్మను వాటేసుకుంది. నీలమ్మ ఆ పిల్లను చేయి దూరంలో నిలబెట్టి, ముఖంలోకి చూసి, కుడిచేతిని పట్టుకుని చూసింది. ఆ చేతిలో ఇంకా కత్తి ఉంది.

"నువ్వు నా మరిడివి కావు. నా పిల్లది ఎడం సెయ్యి వాటం," అంది.

అమ్మ గొంతే, అమ్మ కళ్లే. ఆ గొంతుతో ఆ మాట విని మరిడి కాళ్ల కింద ఇసక జారిపోయినట్టయింది. ఏడుపు కూడా రాలేదు.

జరిగింది ఆ కొత్త నీలమ్మే విడమరిచి చెప్పింది. కడలి అడుగున ఇంకో పొర ఉంది. అక్కడా ఒక రేవు ఉంది, అక్కడా తొలివల ఉంది, రేవుపెద్ద నీలమ్మ ఉంది, కూతురు మరిడి ఉంది. అక్కడి జగ్గులు ఉప్పుమడుల్లో పనిచేస్తూ, రెండు చేపలు దొరుకుతాయని వల దగ్గర ఈదడానికి వచ్చాడు. "మా పొర చిరిగింది. మీ పొరా చిరిగింది. మేమిటు పడ్డాం, మీవోళ్లటు పడ్డారు. చిరుగు మూడు పోట్ల దాకే తెరుసుకుని ఉంటాదని మా పెద్దోళ్లు సెప్పేవోరు. ఆ తరవాత అతుక్కుపోతాది. అప్పుడింక ఎక్కడోళ్లక్కడే."

"అయితే తాడు ఎవులు కోసినారు?" అని వెనకనుంచి ఒకరు అడిగారు.

"రాచ్చసుడు కోసినాడు," అంది మరిడి చప్పున. కత్తిని ఒరలో పెట్టేసింది.

ఆ సాయంత్రం మొదటి పోటు వచ్చింది. రేవులో సగం తడిసింది, సగం తడవలేదు. మర్నాడు పొద్దున రెండో పోటుకు చేపలు గాలిలో ఈదుకుంటూ వచ్చి ఇళ్ల కప్పుల మీద వాలాయి. సింహాసనం ఖాళీగా ఉండకూడదని మంత్రి జగ్గుల్ని పట్టుకెళ్లి దానిమీద కూర్చోబెట్టాడు. అతను "నా ఉప్పెవులు గీకుతారు బాబూ, వానొత్తే కరిగిపోద్ది" అని ఒకటే గోల. సేనాపతి సైన్యంతో నీటిగోడ మీదికి వెళ్లి, తడిసి ముద్దై తిరిగొచ్చాడు. ఒడ్డుకు కట్టిన తాడు నడుముకు ఉంటే తప్ప ఆ గోడ ఎవరినీ లోపలికి రానివ్వదని, ఒక తాడుకు ఒక్క ప్రాణమేనని కొత్త నీలమ్మ అప్పుడు చెప్పింది.

"నానెల్తాను," అంది మరిడి. ఆమె ధైర్యానికి జనం మురిసిపోయారు. అది ధైర్యం కాదని, కడుపులో ముల్లులా గుచ్చుకుంటున్నది వేరే ఉందని మరిడికి ఒక్కదానికే తెలుసు.

రెండో పోటు తీసి ఆటు మొదలవగానే తెగిన తాడు కొసను నడుముకు కట్టుకుంది. రెండో కొసను కొత్త నీలమ్మ ఒడ్డున గుంజకు బిగించి, "నాను సూసుకుంటాను. నీ తాడు నూటయాభై బారలుంది. సరిపోద్ది. మూడో పోటు పొంగేలోగా వచ్చీయి," అంది. మరిడి నీటిగోడలోకి అడుగుపెట్టింది.

లోపల నీళ్లు లేవు. తడి ఇసక, తలపైన ఆకుపచ్చ వెలుగు, అంతే. పది అడుగులు వేసిందో లేదో ఎదురుగా ఉన్న కొండ కదిలింది. అది కొండ కాదు, పీత! ఒక్కో డెక్క బండిచక్రమంత ఉంది. మరిడి కెవ్వుమని కేకపెట్టింది.

"అరవకు. చెవులు లేవు గాని అదురు తెలుస్తుంది," అంది పీత విసుగ్గా. "నేను ఈ గుమ్మానికి కాపలా. దాటాలంటే ఒకే ఒక్క ప్రశ్న. నీ నడుముకున్న తాడు ఎవరు కోశారు?"

ఇంత పెద్ద పీత ఇంత చిన్న ప్రశ్న అడుగుతుందని మరిడి అనుకోలేదు. "రాచ్చసుడు కోసినాడు," అంది.

"సరే, పో," అని పీత పక్కకు తప్పుకుంది. మరిడి హమ్మయ్య అనుకుంది. నడుము దగ్గర తాడు మాత్రం ఒక్కసారి బిగిసి వదులైంది. ఎందుకో ఆమె పట్టించుకోలేదు.

ఇంకాస్త దూరం పోయాక నీళ్లు మళ్లీ కనిపించాయి, నేలమీద కాదు, నెత్తిమీద. పడబోతూ ఆగిపోయిన అల ఒకటి తాటిచెట్టంత ఎత్తున వంగి ఉంది. దాని కింద ఒంటికాలి మీద ఒక ముని నిలబడి ఉన్నాడు. గడ్డంలో నత్తలు కాపురాలు పెట్టాయి.

"భయపడకు తల్లీ," అన్నాడు ముని కళ్లు తెరవకుండా. "ఈ అల నూరేళ్లుగా నా తలపై పడాలని చూస్తున్నది. నేను సత్యమే పలుకుతున్నంతకాలం పడదు. నీవు దీని కింద నుంచే పోవాలి. పోయే ముందు చెప్పు. ఆ తాడును కోసినదెవరు?"

మరిడి తల ఎత్తి చూసింది. పైన అల, కింద తను. పచ్చి అబద్ధానికి నోరు రాలేదు. నిజానికీ రాలేదు. "అదే... తెగిపోనాది," అని గొణిగింది.

అల నుంచి ఒక బొట్టు రాలి ఆమె నుదుటిమీద పడింది. ఒక్క బొట్టే! ముని నిట్టూర్చాడు. "సగం అబద్ధానికి ఒక్క బొట్టు. వెళ్లు. అయితే నీ తాడును ఒకసారి చూసుకో."

మరిడి వెనక్కి తిరిగి చూసింది. వదులుగా ఇసకలో పడి ఉండాల్సిన తాడు తీగలా నిటారుగా సాగి ఉంది. బారలు కొలుచుకుని నిర్ఘాంతపోయింది. నూటయాభై బారల తాడు నూట పదికి వచ్చింది. పీత దగ్గర ముప్పై, ముని దగ్గర పది!

"ఈ దారిలో అబద్ధమాడితే తాడు కుంచించుకుపోతుంది. పోయిన బారలు తిరిగి రావు," అన్నాడు ముని. ఆ మాట ముందే చెప్పి ఉండొచ్చు కదా అని మరిడికి కోపం వచ్చింది. మునులు ఏదీ ముందుగా చెప్పరు.

చిరుగు నడిబొడ్డున అతుకులవ్వ ఉంటుంది. ఆమె రాక్షసి. మరిడి ఆమెను చూసినప్పుడు పారిపోదామనే అనుకుంది, కాళ్లు కదిలితే కదా! ఏనుగంత తల, వెదురుబొంగంత సూది, ఆ సూదికి వెండి దారం. రెండు సముద్రాల అంచులను ఒళ్లో వేసుకుని రాక్షసి చిన్నపిల్లలా ఏడుస్తోంది. పక్కన పెద్దవల కుప్పగా పడి ఉంది.

"వచ్చావా?" అంది ముక్కు చీదుకుంటూ. "ఏడు సముద్రాలకు అతుకులేసి వెయ్యేళ్లుగా కాపాడుకొస్తున్నాను. ఒక్క పూటలో పర్రున చింపేశారు. కుట్టడం నా వల్ల కావడం లేదు. ముందు ఈ వల సాఫీగా సాగాలి, అప్పుడే అంచులు కలుస్తాయి. దీన్ని సాగదీసేవాళ్లు ఏరి?"

"మమ్మల్ని లాగింది నువ్వు కాదా?" అని మరిడి తెల్లబోయి అడిగింది.

"నేనెందుకు లాగుతాను పిల్లా? నాకు చేపలు పడవు, ఒళ్లు దద్దురెక్కుతుంది," అంది అతుకులవ్వ. "మీరు వదిలే రెండో తాడును అటు రేవువాళ్లు పట్టుకుంటారు. వాళ్లు వదిలేదాన్ని మీరు పట్టుకుంటారు. ఒకే వల, రెండు ఒడ్లు. ఎప్పుడూ మీరు పొద్దున, వాళ్లు సాయంత్రం గట్టిగా లాగేవాళ్లు, మీరు లాగేటప్పుడు వాళ్లు కొసను మెల్లగా పట్టి ఉంచేవాళ్లు కాబట్టి సరిపోయింది. ఈసారి ఇద్దరూ ఒకే గడియలో లాగారు."

రాక్షసుడు లేడు. ఎప్పుడూ లేడు. అటు లాగినవాళ్లూ తనలాంటి జనమే.

"ఇదుగో, చూడు," అని రాక్షసి వల తాళ్లు రెండూ చేతికిచ్చింది. ఇటు కొస కత్తికోత. అటు కొస కూడా కత్తికోతే. "ఎవరో ఒకరు కోస్తే అంచు కాస్త నలిగేది, నేను సర్దుకునేదాన్ని. ఒకేసారి ఇద్దరు కోశారు. అందుకే చిరిగింది."

మరిడికి ఒళ్లు మండిపోయింది. తన కోత మాట ఆ క్షణంలో మరిచేపోయింది. "అటు కోసినోళ్లెవులో నాకు సూపించు! మాయమ్మను నాకు కాకుండా సేసినోళ్లని వదల్ను!" అంది పళ్లు నూరుతూ. రాక్షసి ఆమెను వింతగా చూసి, సూదితో దారి చూపించింది.

మరిడి తన తాడును వల తాడుకు ముడివేసింది. వలను సాగదీయాలని దాని రెండో తాడు కొస చేతబట్టుకుని, నడుముకున్న తాడును వదులుచేసుకుంటూ అటువైపు నడిచింది. ఆకుపచ్చ వెలుగు పలచబడి అవతలి రేవు కనిపించింది. అద్దంలో చూసినట్టు అంతా తారుమారు. దూరంగా ఉప్పుమడుల్లో పట్టుబట్ట మోకాళ్లపైకి ఎగ్గట్టి ఒకాయన ఉప్పు గీకుతున్నాడు. శంఖపాల మహారాజు! ఆయన పక్కన గట్టుమీద నిలబడి సముద్రం వైపే చూస్తున్నది... అమ్మ.

"అమ్మా!"

మరిడి పరుగు అందుకుంది. మూడు అడుగులు వేయగానే నడుము దగ్గర తాడు పట్టేసింది. ఇంక ఒక్క జానెడు కూడా సాగలేదు. అమ్మకూ తనకూ మధ్య దూరం చూసుకుంది. నలభై బారలు ఉంటుంది. పీతకు చెప్పిన అబద్ధం ముప్పై, మునికి చెప్పింది పది. మరిడి తడి ఇసకలో నిలబడి వెక్కివెక్కి ఏడ్చింది. ఎంత అరిచినా గొంతు పొర దాటలేదు. అమ్మ అటే చూస్తోంది గాని ఆమెకు కనిపిస్తున్నది వట్టి సముద్రం.

అప్పుడు అటు ఒడ్డునుంచి పొర దాటుకుని ఒక పిల్ల వచ్చింది. నడుముకు కట్టుకున్న తెగిన తాడు ఎడంచేతిలో ఉంది. అదే జడ, అదే పన్ను మీద పన్ను.

"ఓలమ్మో!" అని ఇద్దరూ ఒకేసారి అరిచారు. ఇద్దరూ ఒకేసారి నోరు మూసుకున్నారు. తనను తాను ఎదురుగా చూస్తే ఎలా ఉంటుందో మరిడికి అప్పుడు తెలిసింది. ఏమంత బాగా లేదు.

"నీ తాడు ఎవులు కోసినారు?" అని మరిడి గద్దించింది.

"రాచ్చసుడు కోసినాడు," అంది ఆ పిల్ల చప్పున.

అదే మాట. అదే తొందర. అదే నేలచూపు. మరిడి కోపమంతా ఒక్కసారిగా చల్లారి సిగ్గు ముంచుకొచ్చింది. ఆ అబద్ధం లోపల ఏముందో ఈ లోకంలోనూ ఆ లోకంలోనూ తనకు తెలిసినట్టు ఇంకెవరికీ తెలియదు.

"మీయమ్మ మునిగిపోతందని కోసినావు. కాదా?" అంది మెల్లగా. "నానూ అందుకే కోసినాను. రాచ్చసుడూ లేడు గీచ్చసుడూ లేడు. నానే కోసినాను."

ఎడంచేతి మరిడి గుడ్లప్పగించి చూసింది. "నానూ," అంది. "ఎవులికీ సెప్పలేదు. మీయమ్మకీ సెప్పలేదు. రెండు పూటలు నాకు అన్నం కలిపి ముద్దలు పెట్టింది, సెప్పలేకపోనాను."

ఇద్దరూ కాసేపు ఏడ్చారు. ఎక్కువ సమయం లేదు, మూడో పోటు అప్పటికే చీలమండలు తడుపుతోంది. ఎడంచేతి మరిడి తన తాడును వల తాడుకు ముడివేసింది. రెండు రేవులూ ఒకేసారి లాగాలని, దాటాల్సినవాళ్లు తాడు పట్టుకుని నీళ్లలో దిగాలని అనుకున్నారు. "సమంగా లాగాలి," అంది మరిడి. "మేం ఎక్కువ లాగితే నలుగురూ మా ఒడ్డుకే వచ్చీస్తారు. మీరు లాగితే మీ ఒడ్డుకు. ముందు మీవోళ్లందరికీ నిజం సెప్పు."

"నువ్వు సెప్తావా?"

మరిడి తాడు పట్టుకుని వెనక్కి పరుగెత్తింది.

ఒడ్డు చేరేసరికి అక్కడ గగ్గోలుగా ఉంది. తాడు కుంచించుకుపోయి గుంజను పెకలించి నీళ్లలోకి లాక్కుపోయింది. కొత్త నీలమ్మ ఒక్కతే పీకల్లోతులో కొసను పట్టుకుని వేలాడుతోంది. మిగతా జనం రాక్షసుడు మళ్లీ లాగుతున్నాడని వెనక్కి వెనక్కి పోతున్నారు. లాగాలంటే అందరూ ఆ లోతుకు దిగాలి. ఎందుకు దిగాలో, ఎవరిని నమ్మి దిగాలో ఎవరో ఒకరు చెప్పాలి.

మరిడి వందమందికి ఎదురుగా నిలబడింది. "అటు రాచ్చసుడు లేడు. మనలాంటోళ్లే ఉన్నారు. మన తాడు కోసింది నాను. మాయమ్మ పోతందని బయపడి కోసినాను. రాచ్చసుడని అబద్దమాడినాను. ఆ అబద్దాలకే తాడు పొట్టిదయిపోనాది."

రేవుపెద్ద కూతురు! కట్టుబాటును కళ్లకద్దుకునే నీలమ్మ కూతురు! "అయితే ఈ పిల్ల తాడు ముట్టుకోకూడదు," అని ఒక ముసలాయన అన్నాడు. చాలామంది తలలూపారు.

నీళ్లలోంచి కొత్త నీలమ్మ అరిచింది: "మా రేవులో కట్టుబాటు వేరు. కోసినోళ్లనే అందరికంటే ముందు, ఎక్కువ బరువున్నకాడ నిలబెడతాం. మీ కట్టుబాటు రేపు సూసుకోండి, ఇయ్యాల మాది నడవనీండి. నాను ఇంటికెల్లాల!"

ముందు కదిలింది జగ్గులు. కిరీటం తీసి మంత్రి చేతిలో పెట్టి నీళ్లలోకి దూకాడు. దాంతో జనమంతా దిగారు. పెద్దవాళ్లకు పీకల్లోతు, పొట్టివాళ్లకు ముక్కులోతు. మరిడి అందరికంటే ముందు నిలబడింది. కొత్త నీలమ్మా జగ్గులూ తాడు వెంబడే చేతులు మార్చుకుంటూ లోపలికి పోయారు; రెండు ఒడ్ల తాళ్లూ వలకు కలిసి ఒకటయ్యాయి కాబట్టి గోడ ఈసారి వాళ్లను ఆపలేదు.

"హైలెస్సా!"

వల సాగింది. అటునుంచి కూడా అంతే లాగుడు వచ్చింది. ఏళ్ల తరబడి లాగి గెలవడమే ఎరిగిన చేతులకు గెలవకుండా లాగడం ఎంత కష్టమో ఆ రేవు జనానికి ఆ పూట తెలిసింది. నీటిగోడ వణికింది. దాని లోపల ఆకుపచ్చ వెలుగులో నాలుగు నీడలు కనిపించాయి, ఇద్దరు అటు, ఇద్దరు ఇటు. ఒక ముఖం దగ్గరగా వచ్చింది. అమ్మ! అమ్మ తనను చూసింది. చెయ్యి చాపింది. ఇంకో మూడు బారలు, అంతే.

అక్కడ ఆగిపోయింది. అటువాళ్ల లాగుడుకు అమ్మ ముఖం వెనక్కి పోసాగింది.

మరిడి చేతులు వాటంతటవే బిగుసుకున్నాయి. గట్టిగా ఒక్క గుంజు చాలు, అమ్మ వచ్చేస్తుంది. ఆ గుంజుకు ఆ పిల్ల అమ్మ కూడా ఇటే వచ్చేస్తుంది. అవతల తాడు ముందు నిలబడ్డ ఆ పిల్ల ఏమనుకుంటోందో మరిడికి తెలుసు. సరిగ్గా ఇదే అనుకుంటోంది. ఆ పిల్ల నడుముకు కత్తి కూడా ఉంది.

మరిడి కళ్లు గట్టిగా మూసుకుని, తాడును ఒక బార వదిలింది.

వెనకనుంచి జనం హాహాకారాలు చేశారు. అమ్మ ముఖం వెలుగులో కలిసిపోయింది. ఒక క్షణం గడిచింది. ఆ క్షణంలో మరిడి చచ్చిపోయినంత పనయింది. అప్పుడు అటువైపు తాడు కూడా ఒక బార వదులైంది.

వల చాపలా సాఫీగా పరుచుకుంది. ఎక్కడో అతుకులవ్వ సూది సర్రుమని పరుగెత్తిన చప్పుడు ఒడ్డుదాకా వినిపించింది. నీటిగోడ కూలింది. కూలిన నీళ్లలోంచి, చిరిగిన పట్టుబట్టతో, బొబ్బలెక్కిన చేతులతో శంఖపాల మహారాజు లేచాడు. ఆయన పక్కన నీలమ్మ లేచింది.

జనం కేకలు వేశారు. మరిడి ముందుకు ఉరికింది. నీలమ్మ చెయ్యి అడ్డం పెట్టి ఆపింది.

"తాడు కోసింది ఎవులు?"

"నానే," అంది మరిడి.

"పిల్లను నేను క్షమిస్తున్నాను!" అన్నాడు రాజు గబగబా. "నీలమ్మా, ఆమె వల్లే మనం ఇల్లు చేరాం."

"తమరు రాజ్యానికి రాజు మారాజా, రేవు మాట రేవుది," అంది నీలమ్మ. మరిడి తలవంచుకుంది. "జన్మంతా పట్టొద్దన్నది పాత మాట. అటు రేవుకాడ ఇంకో మాట ఉంది. రెండూ సూసొచ్చినాను. ఏడాదిపాటు నువ్వు తాడు పట్టకూడదు. ఒడ్డున కూకుని వలలు బాగుచేసుకో."

ఆ తీర్పుకు ఎవరూ ఎదురు చెప్పలేదు. శంఖపాలుడు తొలివలకు ముందు తాడును మూడుసార్లు మెల్లగా కదిపి అటువాళ్ల జవాబు కోసం ఆగాలని శాసనం చేశాడు. రాజ్యంలో ఉప్పుమడుల పని ఎంత కష్టమో తెలిసిన మొదటి రాజుగా చాలాకాలం చల్లగా పాలించాడు. మరిడి పెరిగి పెద్దదై రేవుపెద్ద అయింది. ఆమె ఉన్నన్నాళ్లూ పొరల కడలి మళ్లీ చిరగలేదు. ఇదంతా ముందుముందు మాట.

ఆ మర్నాడు మాత్రం మామూలు వేట. జనం తాడు పట్టుకుని నీళ్లలో దిగారు. మరిడి ఒడ్డున ఒక్కతే చిరిగిన వల ముందేసుకుని, కన్నీళ్లకు దారం కనిపించక తంటాలు పడుతోంది. నీళ్లలోకి పోవాల్సిన నీలమ్మ వచ్చి ఆమె పక్కన ఇసకలో చతికిలబడి, వల రెండో కొసను ఒళ్లోకి లాక్కుంది.

మరిడి తెల్లబోయింది. "నువ్వెల్లవా అమ్మా? రేవుపెద్దవు కదా, నువ్వు లేకపోతే ఎలాగ?"

"ఏడాదికి ఇంకొకలు సూసుకుంటారు," అంది నీలమ్మ, దారం పంటితో తెంపుతూ. "నా పిల్ల ఒక్కత్తీ ఒడ్డున కూకుంటే, నాకు నీళ్లలో ఏటి పని?"